సన్మానం ముందు, సెలక్షన్ తర్వాత

నేను ముప్పై రెండో ఏట రిటైరయ్యాను. బస్సులో పక్కసీటు పెద్దమనిషికి ఈ మాట చెబితే, ఏదో జబ్బనుకుని కాస్త ఎడంగా జరుగుతాడు. జబ్బు కాదండీ, హాకీ అంటాను. అప్పుడు ఇంకాస్త జరుగుతాడు.

ఆటల హాస్టల్లో ఉండి చదువుకునే మీలాంటి పిల్లలకి స్ఫూర్తి కలిగేటట్టు నా అనుభవం ఒకటి రాసిమ్మన్నారు. స్ఫూర్తి నా దగ్గర అంతగా నిల్వ లేదు. నేను దేశం తరఫున ఆడిన రోజుల కంటే దేశం తరఫున కూర్చున్న రోజులే ఎక్కువ. జట్టులో రెండో గోల్‌కీపర్ని. మొదటి గోల్‌కీపరు నిండు ఆరోగ్యంతో ఉండాలని పైకి కోరుకోవడం ఆ ఉద్యోగంలో సగం పని. లోపల కోరుకునేది పిల్లలు చదివే చోట రాయకూడదు. చాలా దేశాల బెంచీల మీద కూర్చున్నాను కాబట్టి, ఏ దేశపు బెంచీ నడుముకి మంచిదో అడిగితే చెప్పగలను. మిగతా విషయాలకి నా కంటే పెద్ద ఆటగాళ్ళున్నారు.

కానీ ఆ బెంచీ దాకా చేరడానికి నేను పడ్డ పాటు ఒకటుంది. అది చెబుతాను.

మాది చిలకలూరిపేట నుంచి పర్చూరు వెళ్ళే దారిలో ఒక నల్లరేగడి ఊరు. పత్తీ, మిరపా కాకుండా మూడో సంగతి ఎత్తితే వినే ఓపిక మావాళ్ళకి ఉండదు. మా హైస్కూలుకొచ్చిన డ్రిల్లు మాస్టారు మిలిటరీలో హాకీ ఆడి వచ్చినవాడు. చుట్టుపక్కల బళ్ళలో అందరూ వాలీబాల్ ఆడుతుంటే ఈయన మా చేతికి కర్రలిచ్చాడు. అయితే చలి తగ్గిన దగ్గర్నుంచి ఎండలు ముదిరేదాకా మా స్కూలు గ్రౌండు గ్రౌండు కాదు, మిరప కల్లం. ఊళ్ళో కాయలన్నీ అక్కడే ఆరబోస్తారు. ఆటకి మిగిలేది ఒక మూల, గోలుపోస్టు పట్టేంత జాగా. అంత చోటులో పరిగెత్తేవాడికి పనేముంది? నిలబడేవాడికే పని. నేను నిలబడ్డాను. ‘చిన్నప్పటి నుంచీ గోల్‌కీపింగ్ అంటే ప్రాణం’ అని తర్వాత పేపర్లో వేశారు. ప్రాణం ఏమీ లేదు, జాగా లేదు.

అలా నిలబడుతూ నిలబడుతూ జిల్లా, రాష్ట్రం దాటాను. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తల్లో, సరిగ్గా మిరపకాయల రోజుల్లో, జాతీయ జట్టు క్యాంపుకి రమ్మని పిలుపొచ్చింది. దేశం మొత్తం మీద ముప్పై మందిని పిలుస్తారు. రెండు రోజులు పరిగెత్తిస్తారు, రక్తాలు తీస్తారు, మూడో రోజు ఆడిస్తారు. ఆ సాయంత్రం పద్దెనిమిది పేర్లు చదువుతారు. మిగతావాళ్ళు పెట్టె సర్దుకుని ఇళ్ళకెళ్తారు. ఇందులో అర్థం కానిదేమీ లేదు. కానీ మా ఊరికి ఇందులో చివరి ముక్క ఎంత చెప్పినా ఎక్కలేదు.

“రైలు టికెట్టు వాళ్ళే కొనిచ్చి పిలిచి, వద్దు పొమ్మంటారా ఎవరన్నా?” అన్నాడు టీ బంకు దగ్గర ఒకాయన. అందరూ తల ఊపారు. నేను సెలెక్టయిపోయాను.

ఊళ్ళో పత్తి జిన్నింగ్ మిల్లు ఉన్నాయన ఒకరోజు పొద్దున్నే మా ఇంటికొచ్చాడు. కొత్త మిషను బిగించుకుంటున్నాడు, దాని ప్రారంభోత్సవానికి ఒక పెద్ద నాయకుణ్ణి పిలిచాడు.

“ఏరా అబ్బాయ్, శుక్రవారం ఖాళీయేగా?”

“దేనికండీ?”

“నీకు సన్మానం.”

“నేనింకా సెలెక్టవలేదండీ. క్యాంపుకి పిలిచారంతే.”

“అవుతావుగా?”

“అయ్యాక చేద్దురుగాని లెండి.”

“భలేవాడివే! అప్పుడాయన దొరకొద్దూ? నువ్వంటే ఎప్పుడైనా సెలెక్టవుతావు. ఆయన డేటు మళ్ళీ ఎప్పుడొస్తది?”

ఈ వాదనలో తప్పెక్కడుందో ఆలోచిస్తూనే ఉన్నాను. ఇప్పటికీ దొరకలేదు.

శుక్రవారం నాటికి ఊరి మొదట్లో ఫ్లెక్సీ లేచింది. ఫ్లెక్సీలు కొత్తగా వస్తున్న రోజులు. నాయకుడి ఫోటో ఎడ్లబండంత, మిల్లు యజమానిది దాంట్లో సగం. అడుగున ఒక మూల నేను. ‘హాకీ బొమ్మ వెయ్యి’ అని చెబితే, పేటలో ఫ్లెక్సీ వేసే కుర్రాడు కంప్యూటర్లో వెతికి దొరికింది పెట్టేశాడు. మంచుగడ్డల మీద, కాళ్ళకి కత్తులు బిగించుకుని జారుతున్న ఒక విదేశీయుడు. ముఖానికి ఇనప ముసుగు ఉండడంతో తల మార్చి అతికించే శ్రమ కూడా తప్పింది. కింద నా పేరు. మా పిన్ని ఆ ఫ్లెక్సీ చూసి, “ఎంత చలో పాపం” అని బాధపడింది. అప్పుడు మా ఊళ్ళో ఎండకి రోడ్డు మీద తారు చెప్పులకి అంటుకుంటోంది.

నన్నూ మా నాన్ననీ ట్రాక్టరెక్కించి డప్పులతో ఊరంతా తిప్పారు. మా నాన్న కౌలు రైతు. ఆయనకి ట్రాక్టరెక్కడం కొత్త కాదు గానీ, ట్రాక్టరెక్కి దణ్ణాలు పెట్టించుకోవడం కొత్త. మొదట్లో సిగ్గుపడ్డాడు. రెండో బజారు తిరిగేసరికి అలవాటైపోయి చెయ్యి ఊపాడు.

ముందు మిషనుకి రిబ్బను కోశారు, తర్వాత నాకు శాలువా కప్పారు. ఆ ఎండలో ఉన్ని శాలువా కప్పించుకుని నవ్వడం నా జీవితంలో నేను చేసిన అత్యంత కష్టమైన సేవ్. నాయకుడు మైకు అందుకోబోతూ మిల్లు యజమాని వైపు వంగి, “ఈ అబ్బాయి ఏం ఆడతాడు?” అని మెల్లిగా అడగడం, “గోలండీ” అని ఈయన అనడం నాకు వినిపించింది. 

“మన ఊరి బిడ్డ,” అని నాయకుడు గర్జించాడు, “శత్రుదేశాల మీద గోల్ మీద గోల్ కొట్టి, మన గుంటూరు మిర్చి ఘాటు ప్రపంచానికి చూపిస్తాడు!”

చప్పట్లు. నేను గోల్‌కీపర్ని. నేనే గోల్ కొట్టానంటే అది మావాళ్ళ మీదే కొట్టి ఉండాలి.

తర్వాత నన్ను మాట్లాడమన్నారు. ఇదే సమయం అనుకుని మైకులో ఉన్నదున్నట్టు చెప్పేశాను: “అందరికీ నమస్కారం. నేనింకా సెలెక్ట్ కాలేదండీ. కాకపోవచ్చు కూడా.”

మిల్లు యజమాని లేచి నిలబడి, “చూశారా వినయం! ఎంత ఎదిగినా ఎంత ఒదిగి ఉన్నాడో చూశారా!” అన్నాడు. ఆ రోజు అన్నిటికంటే పెద్ద చప్పట్లు దానికే పడ్డాయి.

ఇంటికొచ్చాక నాన్న శాలువా మడతపెడుతూ అడిగాడు. “ఏంట్రా నువ్వు మైకులో అన్నది?”

“నిజమే నాన్నా. ముగ్గురు గోల్‌కీపర్లని పిలిచారు. ఇద్దర్ని తీసుకుంటారు. ఒకాయన సీనియరు, ఆయన ఖాయం. మిగతా ఇద్దరిలో ఒకడే.”

“వినయం కాదా?”

“కాదు.”

నాన్న మంచం మీద కూర్చున్నాడు. శాలువా అంచు కుచ్చులు దువ్వాడు. “ఊరంతా తిరిగి దణ్ణాలు పెట్టించుకొచ్చాం కదరా. ఎల్లుండి నువ్వెళ్ళి తిరిగొచ్చేస్తే నేను టీ బంకు దగ్గర కూర్చునేదెట్టా?” అన్నాడు. కోపంగా అనలేదు. వేరుపురుగు పట్టిన చేను గట్టు మీద నిలబడి మాట్లాడే గొంతుతో అన్నాడు. “సెలెక్టయి రారా. ఇంకేం అడగను.”

ఇంతకుముందు నేను ఓడిపోతే నేనే ఓడిపోయేవాణ్ణి. ఇప్పుడు ఆయన కూడా ఓడిపోతాడు. ఆయన బంతి ఆపలేడు, కొట్టలేడు, కనీసం నాకు కాలు అడ్డం పెట్టమని కూడా చెప్పలేడు. ఊరికే ఓడిపోతాడు.

అమ్మ మాత్రం అంతా విని, మూల పడి ఉన్న నా ప్యాడ్లు తీసింది. గోల్‌కీపరు మోకాళ్ళ పైదాకా కట్టుకునే కాలి కవచాలివి. అప్పటికే పెద్ద ఆటగాళ్ళంతా తేలికపాటి స్పాంజివి వాడుతున్నారు. నావి పాతకాలం కాన్వాసువి. కుట్లు ఊడి, లోపలి కూరుడు సగం రాలిపోయి, చెమట వాసనతో ఎలుకలు కూడా దూరంగా తిరిగేవి.

“ఇయ్యి కట్టుకుని పోతే ఎవడు తీసుకుంటాడ్రా నిన్ను?” అంది.

మర్నాడు నేను వాళ్ళు పంపిన టికెట్టుకి బెర్తు ఖాయం చేయించుకోవడానికి గుంటూరు వెళ్ళాను. ఆ వేళ కల్లంలో జరిగింది నేను సాయంత్రం వచ్చాక విన్నదే. అమ్మ ఆ ప్యాడ్లని కల్లానికి తీసుకెళ్ళింది. అక్కడ కూలికొచ్చిన ఆడవాళ్ళు కాయలు ఏరుతున్నారు. మంచి కాయ ఒకవైపు, తెల్లబడ్డ తాలుకాయ ఒకవైపు.

“ఏందొదినా ఇయ్యి? గేదెకి తొడిగే బూట్లా?”

“మావాడికి. దేశం తరఫున ఆడేది వీటితోనేనంట.”

“అమ్మో, దేశానికి ఇంత దరిద్రమా!”

అంతే, దేశం పరువు వాళ్ళ చేతుల్లో పడింది. పాత కూరుడు లాగి అవతల పారేశారు. మిల్లు నుంచి కొత్త పత్తి తెచ్చారు, మా చేలోదే. కాయలు ఆరబోసిన పట్ట మీదే ఆ పత్తిని ఏకి, అందరూ తలో గుప్పెడు కూరారు. సాయంత్రం దాకా కాయల్లో తిరిగిన చేతులవి. పట్ట మీదున్న గింజా, పొడీ, నలిగిన తాలూ పత్తితోపాటు లోపలికి వెళ్ళాయి. పైన దబ్బనంతో, గోతాలు కుట్టే పురికొసతో బిగించి కుట్టేశారు. రాత్రి తేమ తగులుతుందని మిరపకాయల రాశితోపాటు వాటిని కూడా పట్ట కింద కప్పి పడుకోబెట్టారు.

నేను చూసేసరికి నా ప్యాడ్లు కొత్త పెళ్ళికొడుకు పరుపులా ఉబ్బి ఉన్నాయి. వాసన చూశాను. ఏమీ రాలేదు. ఆ రోజుల్లో మా ఊళ్ళో ఇంటా బయటా, అన్నంలో, దిండులో, ఆఖరికి బడి పుస్తకాల్లో ఉండేది ఆ ఒక్క ఘాటే. నీళ్ళలో ఉన్న చేపని తడిగా ఉందా అని అడిగితే ఏం చెబుతుంది?

రైల్లో మొదట పై బెర్తు ఆయన తుమ్మాడు. తర్వాత పక్క బెర్తు ఆవిడ. బల్లార్షా దాటేసరికి బోగీలో సగం మందికి జలుబు పట్టుకుంది. ఈ నార్త్ వాతావరణం మనవాళ్ళకి పడదు అనుకుంటూ నేను హాయిగా నిద్రపోయాను.

క్యాంపులో నాకు గది ఇచ్చింది మూడో గోల్‌కీపరుతో. ఒరిస్సా కుర్రాడు, నా వయసువాడే. ఉన్న ఒక్క ఖాళీ కోసం మేమిద్దరం పోటీ అని ఇద్దరికీ తెలుసు. అందుకని మొదటి రోజు చాలా మర్యాదగా ఉన్నాం. నువ్వు ముందు స్నానం చెయ్యంటే నువ్వు చెయ్యని. రెండో రోజుకి వాడి ముక్కు ఎర్రబడింది. అక్కడ మాటలన్నీ హిందీలోనే, నాకు అర్థమైనంతవరకు తెలుగులో చెబుతాను.

“నీ సంచిలో ఏముంది?” అన్నాడు.

“ప్యాడ్లు.”

“ప్యాడ్లతోపాటు?”

“ఇంకేం లేదు,” అన్నాను. నేను ఆ మాట నమ్మే అన్నాను. మొదటి రెండు రోజులూ పరుగులూ రక్తపరీక్షలే కాబట్టి సంచి విప్పే పని పడలేదు.

మూడో రోజు ఆట. నీళ్ళు చల్లిన పచ్చటి టర్ఫు, గట్టు మీద నల్ల కళ్ళద్దాలతో సెలెక్టర్లు. కోచ్ పొట్టిగా, గట్టిగా, ఈలకి కాళ్ళొచ్చినట్టుండేవాడు. ఒక వైపు గోల్లో ఒరిస్సా కుర్రాడు, ఇంకో వైపు నేను. మా వైపుకి దాడి చేసేది దేశంలోనే పేరు మోసిన సెంటర్ ఫార్వర్డ్. ఆరడుగుల పంజాబీ. అందరూ అతన్ని పాజీ, అంటే వాళ్ళ భాషలో అన్నయ్యా, అనేవాళ్ళు. పాజీ గొప్పతనం ఏంటంటే, కొట్టిన బంతి గోల్‌కీపరుకి తగిలి వెనక్కి ఎగిరినప్పుడు, అది నేల మీద పడేలోపు గోల్‌కీపరు ఒళ్ళోకి దూకినట్టు దూకి లోపలికి నెట్టేస్తాడు. చాలామంది కీపర్లకి కలలో కూడా వచ్చేవాడు.

మొదటి దెబ్బ అతనే కొట్టాడు. నేను ఎడమకాలు పెట్టాను. ధబ్‌మంది.

ప్యాడు లోంచి ఎర్రటి మబ్బు లేచింది.

నిజంగానే లేచింది. దేవుడి ఊరేగింపులో ఎర్రటి బుక్కాగుండ చల్లినట్టు. పాజీ తన అలవాటు ప్రకారం, నోరు తెరుచుకుని, ఆ మబ్బులోకి దూకాడు. దూకినవాడు బంతిని వదిలేసి మోకాళ్ళ మీద కూలబడి తుమ్మడం మొదలుపెట్టాడు. నేను బంతిని పక్కకి నెట్టేశాను. రెండోసారి ఇంకో ఫార్వర్డ్ వచ్చాడు. కుడికాలు. మళ్ళీ మబ్బు. వాడు కళ్ళు మూసుకుని గోల్‌పోస్టుని గుద్దుకున్నాడు. మూడో దెబ్బకి మా సొంత డిఫెండర్లు కూడా నన్ను వదిలేసి పారిపోయారు. నా ముందు అర్ధచంద్రాకారపు గీత లోపల మనిషన్నవాడు లేడు. నేనూ, బంతీ. మాకిద్దరికీ ఏమీ కాలేదు.

ఈల మోగింది. కోచ్ వచ్చి నా ఎదురుగా నిలబడి ప్యాడు మీద అరచేత్తో ఒక్కటి చరిచాడు. ఆ చేత్తోనే చెమట తుడుచుకున్నాడు.

ఆ తర్వాత కాసేపు ఆయన ఏ భాషలో మాట్లాడాడో నాకు తెలియలేదు. రెండు బకెట్ల నీళ్ళతో ముఖం కడిగించుకుని, కళ్ళు ఆ మబ్బు రంగులోకి వచ్చాక మళ్ళీ వచ్చాడు.

“దీంట్లో ఏముంది?”

“పత్తి సార్.”

“ఇంకా?”

అప్పటికి నాకు విషయం వెలిగింది. “మా అమ్మ కల్లంలో కుట్టింది సార్,” అన్నాను. కల్లాన్ని హిందీలో ఏమంటారో తెలియక చేతులతో చూపించబోతే, ఆయన భయపడి ఒక అడుగు వెనక్కేశాడు.

“నువ్వు గోలు కాస్తున్నావా, కూరకి తాలింపు వేస్తున్నావా? మధ్యాహ్నం బండికి వీణ్ణి ఎక్కించండి!” అన్నాడు.

నాకు ఒక్కసారిగా టీ బంకు కనిపించింది. అక్కడి బల్ల మీద మా నాన్న కూర్చునే కొస కనిపించింది. ఆ కొస ఖాళీగా ఉంది. ఒక మనిషి తన ఊళ్ళోనే దారి మార్చుకుని తిరగడం ఎలా ఉంటుందో నేను చూశాను. పంట పోయినవాళ్ళు అలాగే తిరుగుతారు. మా నాన్న పంట పోకుండానే అలా తిరగాలి. నేను కోచ్ కాళ్ళ మీద పడలేదు. పడదామనుకున్నాను, కానీ ప్యాడ్లతో వంగితే మళ్ళీ పొడి లేస్తుంది.

అప్పుడు అవతలి గోలు నుంచి ఒరిస్సా కుర్రాడు టర్ఫు మొత్తం నడిచి వచ్చాడు. వస్తూనే తన ప్యాడ్లు విప్పడం మొదలుపెట్టాడు.

“ఇవి కట్టుకుని ఆడనివ్వండి సార్. కాసేపు నేను గట్టు మీద కూర్చుంటాను. ఇలా వీడు పోతే, నేను గెలిచినట్టు కాదు కదా,” అన్నాడు.

గట్టు మీద ఒక సెలెక్టరు కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. వాడు నా దగ్గరగా వంగి బకిల్ పెడుతూ, “సాయంత్రంలోగా ఆ సంచి గదిలోంచి తీసెయ్, లేదంటే నిన్ను చంపేస్తా,” అన్నాడు.

మళ్ళీ ఆట మొదలైంది. స్పాంజి ప్యాడ్లు, తడిసినవి, నాకు ఒక సైజు పెద్దవి. ఈసారి నా దగ్గర మిరప లేదు, అమ్మ లేదు, ఊరు లేదు. పాజీ ముఖం కడుక్కుని, ఎర్రటి కళ్ళతో, పగబట్టినవాడిలా బంతి తీసుకుని ఒంటరిగా నా మీదికి వచ్చాడు. అంత వేగంగా వచ్చేవాణ్ణి ఆపడం నా వల్ల కాదని నాకు తెలుసు. ముందుకెళ్ళి నిలబడ్డాను. నిలబడడం ఒక్కటేగా నాకు వచ్చింది.

కొట్టాడు. కాలికి తగిలి బంతి అతని ముందే పడింది. దూకితే గోలు. పాజీ దూకలేదు. ఒక్క అడుగు ఇవతల ఆగి, ముక్కు పక్కకి తిప్పుకున్నాడు.

నేను బంతి నెట్టేశాను. పాజీ కూడా ఆశ్చర్యపోయాడు. మళ్ళీ వచ్చాడు, మళ్ళీ అక్కడే ఆగాడు. మిగతావాళ్ళూ అంతే. కొడుతున్నారు, దగ్గరికి మాత్రం రావడం లేదు.

“అరే, అవి వేరే ప్యాడ్లురా! మంచివే!” అని కోచ్ గట్టు మీద గంతులేస్తున్నాడు.

“తెలుసు సార్!” అని పాజీ అరిచాడు. తెలిసిన సంగతి తలకి ఎక్కింది గానీ, ముక్కు దాకా దిగలేదు.

ఊరికే గొప్పలు చెప్పను, నా పనీ కొంత ఉంది. దూరం నుంచి కొట్టినవన్నీ నేనే ఆపాను. ఒక పెనాల్టీ కార్నరు మాత్రం నా చెవి పక్క నుంచి వెళ్ళిపోయింది. అది వెళ్ళిన సంగతి వెనక చెక్క చప్పుడైతేనే తెలిసింది. తర్వాత ఒరిస్సా కుర్రాడు తన ప్యాడ్లు తను కట్టుకుని గోల్లో నిలబడ్డాడు. అప్పటిదాకా నా ముందు పిల్లుల్లా తిరిగిన ఫార్వర్డ్‌లందరూ పోయిన పరువు తిరిగి తెచ్చుకోవడానికి వాడి మీద పులుల్లా దూకారు. వాడు నాకంటే బాగా ఆడాడు. గోల్స్ కూడా నాకంటే ఎక్కువే పడ్డాయి. పిల్లలూ, మీ పాఠాల్లో ఈ రెండు వాక్యాలూ పక్కపక్కన రావు. ఆటలో వస్తాయి.

సాయంత్రం వరసగా నిలబెట్టి పేర్లు చదివారు. పద్దెనిమిదో పేరు నాది. ఒరిస్సా కుర్రాడు నా భుజం మీద చెయ్యేసి, ఒకసారి నొక్కి వదిలేశాడు. ఆ రాత్రి బండికే వెళ్ళిపోయాడు. ఆ తర్వాతి ఏడాది వాడూ జట్టులోకొచ్చాడు. నాలాగా వంకరదారిన కాకుండా, ఆడి వచ్చాడు.

కోచ్ నన్ను పక్కకి పిలిచాడు. కళ్ళు ఇంకా వాచే ఉన్నాయి.

“ఫార్వర్డ్‌లు నీ దగ్గరికి రావడానికి భయపడుతున్నారు. గోల్‌కీపరుకి అదే పెద్ద ఆస్తి. ఎందుకు భయపడుతున్నారో నాకు తెలుసు, నీకూ తెలుసు. బయటి దేశాలవాళ్ళకి తెలియదు. కాబట్టి వెళ్ళేలోగా బంతి ఆపడం కూడా నేర్చుకో,” అన్నాడు.

ఆయన ఇచ్చిన సలహాలన్నిటిలో ఇదే పనికొచ్చింది.

క్యాంపు గేటు బయట ఎస్టీడీ బూత్ ఉంది. మా ఊళ్ళో ఫోనున్నది ఎరువుల కొట్టులో. ముందు చేసినప్పుడు కొట్టాయన ఎత్తాడు.

“ఏరా, ఆటలైపోయినయ్యా? కప్పు మనకేనా?”

“ఇంకా మొదలవలేదు బాబాయ్. మా నాన్నని పిలిపిస్తావా?”

కాసేపాగి మళ్ళీ చేశాను. ఈసారి నాన్న ఎత్తాడు. రొప్పుతున్నాడు.

“నాన్నా, నేనే.”

“ఆ, చెప్పరా.”

“సెలెక్టయ్యాను.”

అవతల రొప్పు ఆగిపోయింది. తర్వాత చాలా మామూలు గొంతుతో, “ఆ, సరే సరే. అన్నం తిన్నావా?” అన్నాడు.

నాకు కోపం వచ్చింది. ఇంత దూరం నుంచి ఈ మాట చెప్పడానికి నేనేం పడ్డానో ఈయనకేం తెలుసు అనుకున్నాను. అప్పుడు వెనక మాటలు వినిపించాయి. సాయంత్రం పూట ఎరువుల కొట్టంటే ఊరు ఊరంతా అక్కడే ఉంటుంది. ఆ ఊరి లెక్కలో నేను సెలెక్టయి చాలా రోజులైంది. డప్పులు కొట్టడం, శాలువా కప్పడం, ఫ్లెక్సీ వెలిసిపోవడం కూడా అయిపోయింది. ఇప్పుడు ఆయన గంతేస్తే, ఎందుకు గంతేశాడో చెప్పాలి.

“ఎవరున్నారు నాన్నా అక్కడ?”

“అందరూ ఉన్నారు. అందరూ బాగున్నారు.”

“ఏమంటన్నాడు బావా మనోడు?” అని ఎవరో అడుగుతున్నారు.

“ఏముందీ, అక్కడ ఎండలు మండుతున్నాయంట,” అని నాన్న వాళ్ళకి చెప్పాడు.

మా నాన్నకి ఫోనంటే పొయ్యి మీంచి దించిన గిన్నె. పట్టుకోగానే పెట్టేస్తాడు. ఆ రోజు పెట్టెయ్యలేదు.

“వాన గట్రా ఏమన్నా పడిందా?”

“లేదు నాన్నా.”

“పడదులే. పెరుగు దొరుకుతుందా?”

“దొరుకుతుంది.”

“ఊఁ.” ఊపిరి గట్టిగా పీల్చుకున్న శబ్దం. “ఇందాక ఏదో అన్నావు చూడూ. ఈ లైను సరిగా లేదురా, వినపళ్ళా. మళ్ళీ చెప్పు.”

“సెలెక్టయ్యాను నాన్నా.”

“ఆఁ? కాస్త గట్టిగా.”

“సెలెక్టయ్యాను!” బూత్ బయట నిలబడ్డవాళ్ళు నా వైపు తిరిగి చూశారు.

“ఏం లైనో ఏమో, రోజూ ఇదే గోల,” అని కొట్టులోవాళ్ళతో విసుక్కుని, మళ్ళీ నాతో, “ఇంకొక్కసారి చెప్పరా,” అన్నాడు.

లైనుకేం, బ్రహ్మాండంగా ఉంది. కొట్టు బయట ఎవరో సైకిలుకి స్టాండు వేసిన చప్పుడు కూడా నాకు స్పష్టంగా వినపడుతోంది.

మళ్ళీ చెప్పాను.